నేను మంచుగడ్డగా ఉన్న నవల

ఆ నవల పేరు ఇక్కడ రాయను. ఒకసారి పెద్దక్షరాలతో రాసి గోడకి అంటించాను, ఆ అనుభవం చాలు. బానిసత్వానికి వ్యతిరేకంగా అమెరికాలో ఒక పాస్టరుగారి కూతురు రాసిన నవల అంటే చాలామందికి తెలిసిపోతుంది. తెలియనివాళ్ళు బాధపడనక్కర్లేదు, నాకూ అప్పట్లో తెలియదు. తెలుసనుకునేవాణ్ణి, అంతే.

ఎనభైలు మొదలై కొన్నాళ్ళే అయింది. మిషిగన్‌లో, డెట్రాయిట్ శివార్లలో నోవై అనే ఊళ్ళో అపార్ట్‌మెంట్‌లో ఉండేవాళ్ళం, నేనూ, మా ఆవిడా, పదేళ్ళ మా అమ్మాయీ. కారు విడిభాగాలు చేసే ఫ్యాక్టరీలో ఇంజనీర్ని. తలుపులో అద్దం పైకీ కిందికీ కదిలే ఏర్పాటు నా బాధ్యత. అద్దం సరిగ్గా కదిలితే ఇంజనీరుని ఎవరూ తలుచుకోరు. ఇరుక్కుంటే మాత్రం, అందులోనూ మిషిగన్ జనవరిలో ఇరుక్కుంటే, చాలా శ్రద్ధగా తలుచుకుంటారు.

కోస్తా జిల్లాల నుంచి వచ్చిన క్రైస్తవ కుటుంబాలు మావి పదకొండు. ఆదివారం మధ్యాహ్నం తెలుగులో ఆరాధన చేసుకునేవాళ్ళం. ఎక్కడ చేసుకోవాలన్నదే ఇబ్బంది. మొదట మా అపార్ట్‌మెంట్‌లో చేశాం. కింది ఫ్లాటువాళ్ళకి మా కీర్తనలు అంతగా పట్టలేదు, డోలక్ అసలే పట్టలేదు. తర్వాత ఒక స్కూలు గదిలో చేశాం, సెలవులయ్యాక వద్దన్నారు. ఆ తర్వాత అంత్యక్రియలు జరిపించే ఒక సంస్థవాళ్ళు తమ హాలు ఇచ్చారు. చల్లగా, శుభ్రంగా, నిశ్శబ్దంగా ఉండేది. పక్క గదిలో ఎవరైనా ఉన్నారా అని పిల్లలు ప్రతి వారం అడుగుతుంటే మేమే మానేశాం.

అప్పుడు ఆదుకున్నాయన మా ఫ్యాక్టరీ టూల్‌రూమ్‌లో అచ్చులు చెక్కే పెద్దమనిషి. నల్లజాతి ఆయన, నాకంటే పదిహేనేళ్ళు పెద్ద, డెట్రాయిట్‌లో వాళ్ళ చర్చికి డీకన్, అంటే సంఘపెద్ద. ఒకరోజు క్యాంటీన్‌లో మా సంగతి విని మర్నాడు ఒక తాళంచెవి నా కాఫీ కప్పు పక్కన పెట్టారు.

"మా బేస్‌మెంట్ మధ్యాహ్నం రెండింటి నుంచి ఖాళీగా ఉంటుంది బ్రదర్. మీరు ఎంత గట్టిగా పాడినా పర్లేదు. మేం అంతకంటే గట్టిగా పాడతాం."

"అద్దె ఎంతండీ?"

"బల్బులు ఆర్పేసి వెళ్ళండి. తాళంచెవి మాత్రం నీ దగ్గరే ఉండాలి. నిన్ను చూసి ఇస్తున్నాను."

ఆయన మాటలు ఇంగ్లీషువి, గుర్తున్నంతవరకు తెలుగులో పెడుతున్నాను. అందులో ఎంత పోయిందో దానికి నాదే బాధ్యత. ఏమైనా, ఆ తాళంచెవితో పదకొండు కుటుంబాలకి నీడ దొరికింది. అది పోతే మళ్ళీ అంత్యక్రియల హాలే.

రెండేళ్ళు హాయిగా గడిచాయి. మూడో ఏడు మా మావగారు వచ్చారు.

మావగారు మా ప్రాంతంలో మిషన్ స్కూలు హెడ్మాస్టరుగా చేసి రిటైరైనవారు. నేను ఆ స్కూల్లోనే చదివాను, ఆయన చేతనే తన్నులు తిన్నాను, తర్వాత ఆయన కూతుర్నే చేసుకున్నాను. అందుకని నన్ను ఎలా పిలవాలన్న విషయంలో ఆయనకి ఎప్పుడూ స్థిరత్వం లేదు. భోజనం దగ్గర "అల్లుడుగారూ" అనేవారు, లెక్క తప్పితే "ఒరేయ్" అనేవారు.

ఆయన సూట్‌కేసులో ఆవకాయ, కీర్తనల పుస్తకాలు, ఒక రేకు డబ్బా ఉన్నాయి. డబ్బాలో ఆముదం దీపం మీద పట్టి కొబ్బరినూనెలో కలిపిన మసి. కస్టమ్స్‌లో ఆఫీసరు మూత తీసి ఇదేమిటని అడిగాడట. "మేకప్" అన్నారట ఈయన. ఆఫీసరు ఆయన మొహం చూసి, డబ్బా చూసి, ఇంకేమీ అడక్కుండా చాలా మర్యాదగా మూత పెట్టేశాడట.

ఆ డబ్బా ఎందుకో చెప్పాలంటే మా ఊరి క్రిస్మస్ నాటకం గురించి చెప్పాలి. చుట్టుపక్కల ఊళ్ళన్నీ పశువులపాక, గొర్రెల కాపరులు, ముగ్గురు జ్ఞానులతో పండగ చేసుకునేవి. మా స్కూల్లో మాత్రం హెడ్మాస్టరుగారు ఏటా ఆ అమెరికా నవలని నాటకం వేయించేవారు. హార్మోనియం ఉండేది, పద్యాలుండేవి. దొర వేషానికి అర్దళం పూసి మొహం గులాబీరంగు చేసేవాళ్ళం. బానిసల వేషాలకి మసి పూసేవాళ్ళం. మా మొహాలకి మసితో పెద్ద అవసరం ఉండేది కాదు, అయినా శాస్త్రం శాస్త్రమే కదా అని పూసేవాళ్ళం.

అందులో ఒక తల్లి బిడ్డనెత్తుకుని పారిపోతూ, మంచు తేలే నదిని గడ్డ మీంచి గడ్డ మీదికి దూకి దాటుతుంది. మా ఊళ్ళో మంచుగడ్డ అంటే సోడాకొట్లో రంపపు పొట్టులో దాచేది. నది నిండా అది తేలుతుందంటే ఆ దేశం ఎంత ధనవంతమైనదో అనుకునేవాళ్ళం. తెల్ల పంచెలు కప్పుకుని కుర్రాళ్ళం వంగి కూర్చుంటే, చీర కట్టిన తొమ్మిదో తరగతి కుర్రాడు మా వీపుల మీంచి నడిచి స్వేచ్ఛలోకి వెళ్ళేవాడు. నేను మూడేళ్ళు మంచుగడ్డని. మూడో ఏడు కాస్త కదిలాను. తర్వాత హెడ్మాస్టరుగారు చెవి మెలేసి, "మంచు కదలదురా" అన్నారు. మిషిగన్ వచ్చాక చూశాను, నదిలో మంచు ఒక్క నిమిషం కూడా కదలకుండా ఉండదు. ఆ సంగతి మావగారికి ఎప్పుడూ చెప్పలేదు.

చివరి రంగంలో దొర కథానాయకుణ్ణి కొరడాతో కొడుతుంటాడు. అప్పుడు చాపల మీద ముందువరసలో కూర్చున్న ఒక ముసలాయన లేచేవాడు. కర్ర పోటేసుకుంటూ మెట్లెక్కి, దొర చేతిలోంచి కొరడా లాక్కుని, "ఇక చాల్లేరా, ఇటియ్యి" అనేవాడు. తెర పడేది. జనం ఈలలు వేసేవాళ్ళు. ప్రతి ఏడూ అదే రంగం, అదే ముసలాయన. ఆయన హెడ్మాస్టరుగారి తండ్రి అని నాకు తెలుసు. ఆ వేషం ఆయనదనుకున్నాను.

అందుచేత నవల చదివారా అని ఎవరైనా అడిగితే చదివాననే చెప్పేవాణ్ణి. మూడేళ్ళు అందులో ఉన్నవాణ్ణి, మళ్ళీ విడిగా చదవడం దేనికి?

డిసెంబరు దగ్గర పడుతుంటే మా ఇంటి హాల్లో టీ తాగుతూ సంఘమంతా కూర్చుని, బేస్‌మెంట్ ఇచ్చిన డీకన్‌గారి చర్చికి కృతజ్ఞత ఎలా చెప్పాలా అని ఆలోచించాం. ఒకరు బిర్యానీ అన్నారు, ఒకరు గడియారం అన్నారు. మావగారు గొంతు సవరించుకున్నారు.

"వాళ్ళకి విడుదల తెచ్చిన కథ. అది మన ఊరు దాకా వచ్చి మనకీ మేలు చేసింది. దాన్ని వాళ్ళ గుళ్ళోనే ఆడి చూపిస్తే అంతకంటే ఏం కావాలయ్యా?"

"వాళ్ళకి తెలుగు రాదు కదా అంకుల్" అందొక సిస్టర్.

"కొరడా దెబ్బకి తర్జుమా ఎందుకమ్మా?" అన్నారు.

తీర్మానం ఏకగ్రీవం. కథానాయకుడి వేషం నాకిచ్చారు. మంచుగడ్డ నుంచి అక్కడి దాకా ఎదగడానికి పాతికేళ్ళు పట్టింది. పక్క బిల్డింగ్‌లో ఉండే కెమికల్ ఇంజనీరు దొర. చాలా మెత్తటి మనిషి, కొరడా పట్టుకోమంటే బట్టలారేసుకునే తాడు కొని తెచ్చి, పట్టుకునే ముందు నాకు సారీ చెప్పేవాడు.

నేను ఆఫీసులో ఒక కాగితం టైప్ చేయించి జిరాక్స్ తీశాను. మీ దయకి మా కృతజ్ఞతగా అని పైన, కథానాయకుడి పేరు మీదే ఉన్న ఆ నవల పేరు మధ్యలో బొటనవేలంత అక్షరాలతో, తేదీ కింద. దాన్ని పై అంతస్తు నోటీసు బోర్డు మీద, కోయిర్ ప్రాక్టీసు టైములకీ ఎవరో పారేసుకున్న గ్లవ్‌కీ మధ్య అంటించాను. కాస్త వంకరగా ఉందని రెండోసారి పీకి సరిచేశాను కూడా.

మరుసటి ఆదివారం ఆరాధన అయ్యాక రిహార్సల్. మావగారు డబ్బా తెరిచి నా మొహానికి మసి పూస్తున్నారు. అప్పుడు మెట్ల మీద బూట్ల చప్పుడైంది. డీకన్‌గారు, చేతిలో నా కాగితంతో. నన్ను చూసి ఆగిపోయారు.

నేను సంతోషంగా లేచి నిలబడ్డాను. మసి మధ్యలోంచి పళ్ళన్నీ కనిపించేలా నవ్వి, "ఎలా ఉందండీ?" అన్నాను.

ఆయన చాలాసేపు చూశారు. నన్ను, డబ్బాని, తాడు పట్టుకున్న కెమికల్ ఇంజనీర్ని.

"ఇదేంటి బ్రదర్?"

"మీకు కృతజ్ఞత" అన్నాను.

"కృతజ్ఞత" అన్నారాయన. ఆ మాట బరువెంతో చూస్తున్నట్టు అన్నారు. తర్వాత హీటరు వైపు తిరిగారు. "ఫర్నేస్ సరిగ్గా పనిచేస్తోందా?"

"బ్రహ్మాండంగా ఉందండీ."

"మంచిది" అని మెట్లెక్కి వెళ్ళిపోయారు.

"ఆనందంతో మాట రాలేదు పాపం" అన్నారు మావగారు. నాకూ అలాగే అనిపించింది. అప్పటికి.

సోమవారం క్యాంటీన్‌లో ఆయన నా ఎదురుగా కూర్చోలేదు, నిలబడే చెయ్యి చాపారు.

"తాళంచెవి ఇయ్యి బ్రదర్."

"ఏమైనా రిపేరాండీ?"

"రిపేరే."

"ఎన్నాళ్ళు పడుతుంది?"

"అది నువ్వే చెప్పాలి" అని తాళంచెవి జేబులో వేసుకుని వెళ్ళిపోయారు. ఆ రోజు నేను గీసిన డ్రాయింగ్‌లో అద్దం తలుపులోంచి బయటికి వచ్చింది. సూపర్‌వైజరు చూసి, ఇది కొత్త మోడలా అని అడిగాడు.

ఇంటికొచ్చి భోజనం దగ్గర చెప్పాను. మావగారు ముద్ద ఆపి, "వాళ్ళ మహాత్ముడి వేషం మనం వేశామనా? యోగ్యత లేదనుకున్నారేమో" అన్నారు. మా ఆవిడ, "ఏమీ అడక్కుండా గోడకి అంటించేశారు కదూ" అంది. భార్యలకి అలాంటివి ముందే తెలిసినట్టు అనడం అలవాటు. అంతలో మా అమ్మాయి తలెత్తింది.

"వెయిట్. నాన్నా, ఆ పేరు పోస్టర్ మీద రాశావా? చర్చ్‌లో?"

"ఆ. ఏం?"

"ఓ మై గాడ్. నాన్నా, అది బ్యాడ్ వర్డ్. స్కూల్‌లో ఒకడు ఇంకోడిని అలా అంటే ఫైట్ అయ్యింది. ప్రిన్సిపల్ ఆఫీస్‌కి వెళ్ళారు ఇద్దరూ."

"ఆయన చాలా మంచివాడమ్మా. కథానాయకుడు."

"ఐ నో! కానీ అలా అంటే... వైట్ పీపుల్‌కి యెస్ సర్, యెస్ సర్ అని, వాళ్ళ ఓన్ పీపుల్‌ని వదిలేసేవాడు అని. తాతయ్యా, యూ కాంట్ సే దట్."

తాతయ్య మనవరాలి వైపు, తర్వాత నా వైపు చూశారు. నలభై ఏళ్ళు పాఠం చెప్పినాయన తప్పు విన్నప్పుడు ఎలా చూస్తారో అలా చూశారు. ఎవరిది తప్పో మాత్రం తేల్చుకోలేకపోయారు. మా ఇంట్లో ఆ సమయానికి ఆ విషయం తేల్చగలిగినవాళ్ళెవరూ లేరు.

లైబ్రరీకి వెళ్ళాను. మనిషికి దిక్కు తోచనప్పుడు కొందరు ప్రార్థన చేస్తారు, కొందరు కార్డు కేటలాగు తిప్పుతారు. నేను రెండూ చేశాను. డెస్కు దగ్గర తెల్లజుట్టు పెద్దావిడ పుస్తకం తెచ్చి ఇస్తూ, నా మొహంలో ఏం చూసిందో గాని, అడక్కుండానే దాని కథ చెప్పడం మొదలుపెట్టింది.

పారిపోయి ఉత్తరాదికి వచ్చిన బానిసల్ని కూడా పట్టి అప్పగించాలని చట్టం వస్తే, దాని మీద కోపంతో ఒక ఇల్లాలు పిల్లల అల్లరి మధ్య కూర్చుని రాసిందట. మొదట ఒక వారపత్రికలో ముక్కలు ముక్కలుగా వచ్చిందట. అంతవరకు బానిసత్వం గురించి ఏ అభిప్రాయమూ లేని ఇళ్ళల్లో, దీపం చుట్టూ కూర్చుని ఒకరు చదువుతుంటే మిగతావాళ్ళు ఏడ్చారట. ఏడ్చినవాళ్ళకి మర్నాటికి అభిప్రాయం వచ్చిందట. దక్షిణాదివాళ్ళకి ఒళ్ళు మండి, బానిసలు ఎంత సుఖంగా ఉన్నారో చెబుతూ ఎదురు నవలలు రాశారట. పదేళ్ళు తిరక్కుండా యుద్ధం. ఆ యుద్ధానికి కారణం నువ్వేనా అని ప్రెసిడెంటు ఆవిణ్ణి వేళాకోళం చేశాడని ఒక కథ.

"నిజంగా అన్నాడా?" అని అడిగాను.

"ఎవరికీ తెలియదు. అందరూ చెప్తారు" అందావిడ.

"మరి ఇంత చేసిన పుస్తకంలో హీరో పేరు తిట్టెలా అయింది?"

"పుస్తకం చదివినవాళ్ళకంటే నాటకం చూసినవాళ్ళు ఎక్కువ. ఊరూరా గుడారాలేసి ఆడేవాళ్ళు. తెల్లవాళ్ళే మొహాలకి మసి పూసుకుని, ఆయన్ని వంగి వంగి దణ్ణాలు పెట్టే ముసలాడిగా మార్చి, జనాన్ని నవ్వించేవాళ్ళు. చాలా ఏళ్ళు."

నేను అప్రయత్నంగా చెంప తుడుచుకున్నాను. మసి అక్కడ లేదు, ఆదివారమే కడిగేశాను.

నాలుగు రోజులు, లంచ్ టైములో కారులో కూర్చుని, హీటరు వేసుకుని చదివాను. కథానాయకుడు ముసలాడు కాడు. విశాలమైన ఛాతీ ఉన్న బలమైన మనిషి. పారిపోయిన ఇద్దరు ఆడవాళ్ళ జాడ చెప్పమని దొర కొడితే, తెలుసు గాని చెప్పను అని చచ్చిపోతాడు. ఇతన్నా తన వాళ్ళని వదిలేసినవాడంటారు? నాకు అసలు అర్థం కాలేదు. మళ్ళీ అక్కడక్కడా ఆ ఇల్లాలు నల్లవాళ్ళ గురించి, వాళ్ళు స్వభావం చేతనే మెత్తనివాళ్ళని, పసిపిల్లల్లాంటి వాళ్ళని ముద్దుగా రాసింది. చివర్లో తెలివైనవాళ్ళని ఓడెక్కించి ఆఫ్రికా పంపించేసింది. అదీ అర్థం కాలేదు. విడుదల కావాలంటుంది, విడుదలైనవాళ్ళు పక్కింట్లో ఉంటారంటే మాత్రం ఓడ చూపిస్తుంది. ఏడిపించిందీ ఆవిడే, చిరాకు పుట్టించిందీ ఆవిడే, చాలాసార్లు ఒకే పేజీలో.

వీటన్నిటికంటే పెద్ద చిక్కు ఇంకొకటి వచ్చింది. కొరడా లాక్కునే ముసలాయన ఎక్కడా లేడు. చివరి అధ్యాయాలు రెండుసార్లు చదివాను. లేడు. పుస్తకం తీసుకుని మళ్ళీ లైబ్రరీకి వెళ్ళాను.

"ఇందులో పేజీలు పోయాయండీ."

ఆవిడ కళ్ళజోడు పెట్టుకుని నంబర్లన్నీ చూసింది. "అన్నీ ఉన్నాయే."

"ఒక ముసలాయన లేచి కొరడా తీసుకునే ఘట్టం లేదు."

"అలాంటిది ఈ పుస్తకంలో లేదు సర్."

"ఉంది. నేను మూడేళ్ళు చూశాను. నేను అక్కడే ఉన్నాను, మంచులో."

ఆవిడ చాలా దయగా, ఇంకేమైనా సాయం కావాలా అని అడిగింది.

ఇంటికెళ్ళేసరికి మావగారు సోఫాలో కూర్చుని కిటికీలోంచి మంచు చూస్తున్నారు. అడిగాను.

"పుస్తకంలో లేదురా. అది మా నాన్న."

ఆయన మెల్లగా చెప్పుకొచ్చారు. వాళ్ళ నాన్న ఒక ఆసామి దగ్గర పాలేరు. చిన్నప్పుడు గొడ్లసావిట్లో చేరినవాడు పెళ్ళై పిల్లలు పుట్టినా అక్కడే. ప్రతి ఉగాదికీ ఆసామి ఇంకో ఏడాదికి ఉండమనడం, ఈయన తలూపడం. ఒక ఏడు మిషన్‌వాళ్ళు సాయంకాలం బడి పెట్టారు. పంతులుగారు ఆ నవలని తెలుగులో వారానికి ఇంత అని చదివి వినిపించేవారు. కథానాయకుడు చచ్చిపోయిన ముక్క చదివింది సరిగ్గా ఉగాది ముందు. మర్నాడు ఆయన గొడ్లసావిడికి వెళ్ళలేదు. ఆసామి మనిషిని పంపితే, రానని చెప్పమన్నాడు. కొడుకుని బళ్ళో వేశాడు. ఆ కొడుకు హెడ్మాస్టరయ్యాడు.

"నేను మొదటిసారి నాటకం వేయించిన ఏడు ఆయన ముందువరసలో కూర్చున్నాడు. కొరడా రంగం వచ్చింది. లేచి స్టేజీ ఎక్కేశాడు. తర్వాత అడిగితే, పుస్తకంలోకి ఎక్కడానికి మెట్లు లేవురా, దీనికి ఉన్నాయి అన్నాడు. మరుసటేడు ఎక్కొద్దని చెప్పాను. మళ్ళీ ఎక్కాడు. ఇక ఆపలేక తెర అక్కడే వేసేయమన్నాను. పోయేదాకా ఎక్కాడు."

ఆ నవల ప్రజాభిప్రాయాన్ని మార్చింది అంటారు. మా వైపు ప్రజ అంటే ఒక్కడే. లెక్కలోకి వస్తుందో రాదో నాకు తెలియదు.

శనివారం మావగారు కోటు మీద కోటు వేసుకుని నాతో బయల్దేరారు. డీకన్‌గారు చర్చి మెట్ల మీద మంచు ఎత్తిపోస్తున్నారు. మమ్మల్ని చూసి ఆగలేదు. నేను కారులోంచి పార తీసి పక్కమెట్టు మొదలుపెట్టాను. మూడు మెట్లయ్యాక ఆయనే అన్నారు.

"తెలిసిందా బ్రదర్?"

"సగం తెలిసిందండీ. మిగతా సగం ఇంకా గందరగోళం అయింది."

"నాకు యాభై దాటాయి, నాదీ అంతే. వయసులో ఉన్నప్పుడు ఫ్యాక్టరీలో ఫోర్‌మన్‌కి ఎదురుచెప్పకపోతే మా వాళ్ళే నన్ను ఆ పేరు పెట్టి పిలిచారు. ఎదురుచెప్పినవాళ్ళకి ఉద్యోగం పోయింది. నాకు ముగ్గురు పిల్లలు." పార మంచులో గుచ్చారు. "ఆ రోజు నీ మొహం చూసి ఏమనిపించిందో చెప్పను. చర్చి మెట్ల మీదున్నాను."

"తెలియక చేశానండీ. క్షమించండి."

"తెలియదని తెలుసు. అందుకే తాళంచెవి ఒక్కటే తీసుకున్నాను."

మావగారు హెడ్మాస్టరు ఇంగ్లీషులో, వ్యాకరణం ఎక్కడా తప్పకుండా, వాళ్ళ నాన్న సంగతి చెప్పారు. కొరడా రంగం దగ్గర ఆగితే నేను అందుకున్నాను. డీకన్‌గారు పార మీద చేతులు పెట్టుకుని విన్నారు.

"ఆ పుస్తకం ఎంత గొప్పదో నాకు చెప్పొద్దు" అన్నారు చివరికి. "మీ నాన్నగారి సంగతి వేరు. అది ఒక్కటి ఆడండి. ఒక్క సీను. మసి వద్దు, కాగితం మీద ఆ పేరు వద్దు. మా అమ్మ కూడా వస్తుంది. ఆవిడకి నచ్చకపోతే తాళంచెవి సంగతి మర్చిపో, నేనేం చెయ్యలేను."

క్రిస్మస్ ముందు ఆదివారం. బేస్‌మెంట్‌లో ఇటు మావాళ్ళ పట్టుచీరలు, అటు వాళ్ళ ఆడవాళ్ళ ఈకల టోపీలు. ముందువరసలో డీకన్‌గారి తల్లి, ఒళ్ళో హ్యాండ్‌బ్యాగు, పక్కన ఆయన చేతులు కట్టుకుని. మావగారు రెండో వరస చివర కూర్చున్నారు. వాళ్ళ నాన్న బదులు ఆయనే లేచి రావాలని ఏర్పాటు. నేను ఉత్త మొహంతో, ఫ్యాక్టరీకి వేసుకెళ్ళే చొక్కాతో మోకాళ్ళ మీద కూర్చున్నాను. ఒక పాలేరు, ఒక ఆసామి, అంతే కథ అని మా అమ్మాయి మైకులో చెప్పింది.

కెమికల్ ఇంజనీరు తాడెత్తాడు. మొదటి దెబ్బ నేల మీద పడింది. చాలా చిన్న చప్పుడు. అయినా ఇటు చీరలూ అటు టోపీలూ ఒకేసారి బిగుసుకున్నాయి. రెండో దెబ్బ. మావగారి వైపు ఓరగా చూశాను. ఆయన లేవబోతూ మోకాలు పట్టేసి మళ్ళీ కూలబడ్డారు. మూడో దెబ్బ. లెక్క ప్రకారం రెండోదానికే ఆగిపోవాలి. ఎవరూ రాకపోతే ఏం చెయ్యాలో ఆసామికి తెలియదు, బిక్కమొహం వేసుకుని నాలుగోది ఎత్తాడు.

"చాలు" అందొక గొంతు.

ముందువరసలో ముసలావిడ లేచింది. హ్యాండ్‌బ్యాగు కొడుకు ఒళ్ళో పడేసింది. అవి స్టేజీ మెట్లు కూడా కావు, రెండు చెక్కపెట్టెలు. ఆవిడ ఊగుతుంటే డీకన్‌గారు ఇష్టం లేకపోయినా లేచి మోచెయ్యి పట్టుకోవలసి వచ్చింది. ఆవిడ ఎక్కి కెమికల్ ఇంజనీరు ముందు నిలబడి చెయ్యి చాపింది.

"ఇక చాలు నాయనా. ఇటియ్యి."

వాడు తాడు ఇచ్చేసి, అలవాటు ప్రకారం సారీ చెప్పాడు.

ఆవిడ ఇంగ్లీషులో అన్నది సరిగ్గా అదేనా, నా తర్జుమాలో అలా కలిసిందా అని ఇప్పటికీ అనుమానమే. మావగారిని అడిగితే, "అదే" అన్నారు. కాని అప్పటికి ఆయన కళ్ళు తుడుచుకుంటున్నారు, సాక్ష్యానికి పనికిరారు. తెర లేదు కాబట్టి పడలేదు. డీకన్‌గారు స్టేజీ మీద హ్యాండ్‌బ్యాగు పట్టుకుని నిలబడిపోయారు. ఎవరో పాట ఎత్తుకున్నారు, మా డోలక్ వెంట పడింది.

సోమవారం క్యాంటీన్‌లో ఆయన నా ఎదురుగా కూర్చున్నారు. చాలాసేపు సూప్ తాగారు.

"మా అమ్మ ఆ తాడు ఇవ్వనంటోంది."

"ఫర్వాలేదండీ."

"వంటింట్లో మేకుకి తగిలించింది. తన దగ్గరుంటేనే మంచిదట." తాళంచెవి నా కప్పు పక్కకి తోశారు. "కాబట్టి ఇది నీ దగ్గర ఉండనీ."

తాళంచెవి జేబులో వేసుకున్నాను. చివరికి, "ఆ పుస్తకం మీద మీ అభిప్రాయం ఏమైనా మారిందాండీ?" అని అడిగాను. అడక్కుండా ఉండవలసింది.

"లేదు" అన్నారు. "నీది?"

ఆలోచించాను. నిజంగా ఆలోచించాను. ఇప్పటికీ, ఎవరైనా అడిగితే, అక్కడే ఉన్నాను.

ఆ సాయంత్రం పుస్తకం తిరిగి ఇవ్వడానికి వెళ్ళాను. తెల్లజుట్టు ఆవిడ గుర్తుపట్టింది.

"పోయిన పేజీ దొరికిందా సర్?"

"దొరికిందండీ" అన్నాను. "మీది కాదు, మాదే."

ఆవిడ, మీ పుస్తకం ఏ లైబ్రరీదో చెబితే వాళ్ళకి ఫోన్ చేస్తానంది. ఫర్వాలేదు, ఇప్పుడు మా ఇంట్లో సోఫాలో ఉంది, మోకాలికి అమృతాంజనం రాసుకుంటోంది అని చెప్దామనుకున్నాను. కాని ఆవిడ అప్పటికే నా విషయంలో చాలా ఓపిక పట్టింది. థాంక్స్ చెప్పి వచ్చేశాను.